ఖాట్మండులో ప్రభుత్వం కూలిన వారం: యాత్రికుల జట్టుతో చిక్కుకుని బయటపడిన వైనం

2025 సెప్టెంబరు 8 నుంచి 11 దాకా ఖాట్మండులో ఏ రోజు ఏం జరిగింది, ఏ పని ఎలా అయింది, ఏది అడ్డం తిరిగింది అన్నది వరుసగా రాస్తున్నాను. మాది ముప్పై మంది పైచిలుకు ఉన్న యాత్ర బస్సు. ముక్తినాథ్, మనకామన గుళ్ళు చూసుకుని పశుపతినాథుడి దగ్గరికి చేరాం. సగానికి పైగా అరవై దాటినవాళ్ళు. గోరఖ్‌పూర్ దాకా రైల్లో వచ్చి, అక్కణ్ణించి సరిహద్దు ఊరు సోనౌలీ మీదుగా బస్సులో నేపాల్లోకి దాటాం. వంటవాళ్ళు, బియ్యం, కందిపప్పు, పొయ్యి, గ్యాస్ బండలు అన్నీ బస్సులోనే. ఆ నాలుగు రోజులూ మా కడుపు నింపింది ఆ సామానే. మమ్మల్ని ఎక్కువ తిప్పలు పెట్టింది మాత్రం రోడ్డు దారిన రావడమే. అదెందుకో తర్వాత చెప్తాను.

తేడా 5వ తేదీనే తెలిసింది. వాట్సాప్ కాల్ కలవడం మానేసింది. రిజిస్ట్రేషన్ చేసుకోలేదని ఫేస్‌బుక్, వాట్సాప్, యూట్యూబ్ సహా 26 వేదికలను ఆపేయమని నేపాల్ ప్రభుత్వం 4వ తేదీన ఆదేశించింది. ముందే నమోదైన వైబర్, టిక్‌టాక్ పనిచేస్తూనే ఉన్నాయి. ఊళ్ళో పిల్లలు రోజూ వీడియో కాల్ చేసే అలవాటున్న పెద్దవాళ్ళకి అది ఒక్కసారిగా ఆగేసరికి రెండు వైపులా కంగారు. చేయాల్సిన పని చిన్నదే: నేపాల్ టెలికాం లేదా ఎన్‌సెల్ సిమ్ కొని, ఇండియాకి మామూలు కాల్ చేయడం. గుర్తింపు కార్డు జిరాక్సు, ఫొటో అడుగుతారు. మనిషికొకటి అక్కర్లేదు, ఆరుగురికి ఒకటి చాలు. అయితే ఆ నంబరు ఇంట్లోవాళ్ళ దగ్గర రాసి ఉండాలి. మన సిమ్‌తో రోమింగ్ ఉందిలే అనుకున్నవాళ్ళ బ్యాలెన్సు ఒక్క పూటలో అయిపోయింది.

7వ తేదీ ఆదివారం రాత్రి సంపూర్ణ చంద్రగ్రహణం. దర్శనాలన్నీ మర్నాటికి పడ్డాయి. 8వ తేదీ సోమవారం కావడంతో పశుపతినాథ్‌లో తెల్లవారుజాము నుంచే రద్దీ. మా దర్శనం అయి, గౌశాల అనే పేటలో ఉన్న బసకి వచ్చేసరికి పొద్దెక్కింది. అదే సమయంలో మైతీఘర్ కూడలి దగ్గర ఆ సోషల్ మీడియా నిషేధానికి నిరసనగా కుర్రాళ్ళు పోగయ్యారు. స్కూలు, కాలేజీ యూనిఫాంలో ఉన్నవాళ్ళు కూడా ఉన్నారు. అక్కణ్ణించి న్యూ బానేశ్వర్‌లోని పార్లమెంటు భవనం వైపు నడిచారు. మధ్యాహ్నం ఆ చుట్టుపక్కల కర్ఫ్యూ పెట్టారు. తర్వాత కాల్పులు. ఆ ఒక్కరోజే 19 మంది చనిపోయారు. సాయంత్రం హోంమంత్రి రాజీనామా చేశారు, రాత్రికి సోషల్ మీడియా నిషేధం ఎత్తేశారు. మా బస యజమాని కొడుకు డిగ్రీ చదువుతున్నాడు, ఆ ఊరేగింపులో వాడూ ఉన్నాడు. రాత్రి వాడు ఇంటికి చేరేదాకా వాళ్ళ అమ్మ గుమ్మంలోంచి కదల్లేదు. మావాళ్ళు ఆవిడ పక్కనే కూర్చున్నారు.

ఇక 9వ తేదీ. ఈ రోజు గురించి కాస్త ఎక్కువే రాయాలి.

పొద్దున్న కర్ఫ్యూ ఉంది కానీ ఎవరూ లెక్కచేయడం లేదు. పదకొండు గంటలకల్లా ఊరిమీద నల్లటి పొగ. మధ్యాహ్నానికి త్రిభువన్ విమానాశ్రయం మూసేశారు. రెండు గంటల ప్రాంతంలో ప్రధాని ఓలీ రాజీనామా చేశారని కబురు వచ్చింది. వీధిలో కేకలు, ఈలలు. మా జట్టులో కూడా ఊపిరి పీల్చుకున్నారు. "అయిపోయిందిగా బాబూ, బస్సు తీయించు, రాత్రికి బోర్డరు దాటేద్దాం" అని నలుగురైదుగురు గట్టిగా పట్టుబట్టారు. డ్రైవరు కూడా సరే అన్నాడు.

అసలు ప్రమాదం ఆ కబురు తర్వాతే మొదలైంది. నేను మరీమరీ చెప్పేది ఇదే. ప్రధాని దిగిపోయాడంటే గొడవ సద్దుమణిగిందని మనం అనుకుంటాం. అక్కడ జరిగింది వేరు. ముందురోజు 19 మంది పోయాక పోలీసుల మీద జనానికి పట్టరాని కోపం. ఠాణాలు తగలబడ్డాయి, పోలీసులు వీధుల్లోంచి వెనక్కి వెళ్ళిపోయారు. పాత ప్రభుత్వం లేదు, కొత్తది రాలేదు. రోడ్డు మీద ఎవరైనా ఆపితే ఎవరికి చెప్పుకోవాలో తెలియదు. సింహదర్బార్ (ప్రభుత్వ సచివాలయం), సుప్రీంకోర్టు, పార్లమెంటు భవనం, హిల్టన్ హోటల్ మంటల్లో కాలాయి. భాట్‌భటేనీ సూపర్ మార్కెట్లను దోచుకున్నారు. దేశవ్యాప్తంగా జైళ్ళ నుంచి పదమూడు వేల మందికి పైగా ఖైదీలు తప్పించుకున్నారు. రాత్రి పది గంటల నుంచి భద్రత తమ చేతుల్లోకి తీసుకుంటామని సైన్యం ప్రకటించింది. మధ్యాహ్నం రెండింటి నుంచి రాత్రి పదింటి దాకా ఆ ఎనిమిది గంటలు ఎవరి పాలనా లేదు. పశుపతినాథ్ నుంచి తిరిగి వెళ్తున్న ఆంధ్ర యాత్రికుల బస్సు మీద సరిహద్దు దారిలో దాడి జరిగి కొందరికి దెబ్బలు తగిలాయన్న వార్త తర్వాత వచ్చింది. అది విన్నాక బస్సు తీయమన్నవాళ్ళు మళ్ళీ ఆ మాట ఎత్తలేదు.

కొత్తగా గణతంత్రమైన దేశంలో ఈ ఖాళీ ఇంకా లోతుగా ఉంటుంది. రాజరికం పోయింది 2008లో, రాజ్యాంగం వచ్చింది 2015లో. 2008 నుంచి మారిన ప్రభుత్వాలు డజనుకు పైనే. ప్రధాని పోతే తర్వాత ఎవరు, ఏ దారిన అన్నది అక్కడి జనానికే ఆ రాత్రి తెలియదు. మాజీ ప్రధాన న్యాయమూర్తి సుశీలా కార్కీ తాత్కాలిక ప్రధానిగా ప్రమాణం చేసింది 12వ తేదీ రాత్రి. అప్పటికి మేం ఇళ్ళకి చేరిపోయాం.

9వ తేదీ సాయంత్రం మేం చేసిన పనులు: బస్సును రోడ్డు మీంచి తీసి బస వెనక ఆవరణలో పెట్టి, ముందు కట్టిన యాత్ర బ్యానరు విప్పేశాం. రోడ్డువైపు గదుల్లో ఉన్నవాళ్ళని వెనకవైపుకి, పైఅంతస్తుల్లో ఉన్నవాళ్ళని కిందకి మార్చాం. అగ్గి పెడితే మోకాళ్ళ నొప్పులున్నవాళ్ళు మూడో అంతస్తు నుంచి దిగలేరు. కరెంటు ఉండగానే ట్యాంకు నింపించి, బకెట్లు, వంట గిన్నెలు అన్నిట్లో నీళ్ళు పట్టాం. గ్యాస్ బండలను మెట్ల కింద నుంచి తీసి ఆరుబయట మూలకి చేర్చాం. ప్రతివాళ్ళూ కార్డులు, డబ్బు, మాత్రలు ఒక గుడ్డసంచిలో వేసుకుని మెడలో వేసుకునే పడుకోవాలన్నాం. రాత్రంతా ఇద్దరిద్దరు చొప్పున మెలకువగా ఉన్నారు. పెద్దవాళ్ళు విష్ణు సహస్రనామం మెల్లగా చదువుకున్నారు. భయం వేయలేదంటే అబద్ధం. దూరంగా ఏదో పేలిన శబ్దం వచ్చినప్పుడల్లా చదవడం ఆగేది, మళ్ళీ ఆగినచోటి నుంచే మొదలయ్యేది.

డబ్బు గురించి ఒక మాట. అప్పట్లో నేపాల్లో 100 రూపాయలు, అంతకన్నా చిన్న భారత నోట్లే ఇబ్బంది లేకుండా చెల్లేవి. 500 నోటుకి అప్పటికి అనుమతి లేదు, గొడవ రోజుల్లో ఎవరూ తీసుకోలేదు. మన వందకి వాళ్ళవి 160, అది స్థిరమైన రేటు. ఏటీఎంలు, బ్యాంకులు మూతపడ్డాయి. ఫోన్‌పే నుంచి అక్కడి క్యూఆర్ కోడ్‌కి కట్టవచ్చు కానీ, యాప్‌లో అంతర్జాతీయ చెల్లింపులను ముందే ఆన్ చేసుకోవాలి, నెట్ ఉండాలి, దుకాణం తెరిచి ఉండాలి. మూడూ కలిసొచ్చింది తక్కువ. మనిషికి రెండు రోజుల ఖర్చుకి సరిపడా నేపాలీ నోట్లు విడిగా దాచి ఉంచితే చాలా ధైర్యం.

మందులు ఇంకో సంగతి. యాత్ర రోజులకి లెక్కపెట్టి తెచ్చుకున్న బీపీ, షుగరు మాత్రలు సరిగ్గా ఆ రోజుకే అయిపోతాయి. పేరు రాసి ఉన్న అట్టముక్క పారేయకండి. మందుల దుకాణం షట్టరు సగం ఎత్తి ఇచ్చినాయన మా భాష చూసి కాదు, ఆ అట్టమీద మందు పేరు చూసి ఇచ్చాడు. ఇన్సులిన్ తెచ్చుకున్న ఇద్దరివీ బస వాళ్ళ ఫ్రిజ్‌లో పెట్టించాం.

10వ తేదీ పొద్దున్నకి వీధులు నిశ్శబ్దం. సైనికులు మూలమూలన నిలబడ్డారు. కర్ఫ్యూ ఉన్నా భయం తగ్గింది, ఎందుకంటే ఇప్పుడు అడిగేవాడు, జవాబు చెప్పేవాడు ఒకడున్నాడు. కుర్రాళ్ళు కొందరు చీపుళ్ళు, సంచులు పట్టుకుని కాలిన చెత్త ఎత్తుతున్నారు. ఆ రోజంతా మాకు పట్టిన పని ఒక్కటే, జాబితా.

భారత రాయబార కార్యాలయం ఇచ్చిన హెల్ప్‌లైన్లు ఎప్పుడు చేసినా బిజీ. వాట్సాప్ తిరిగి వచ్చింది కాబట్టి మెసేజ్ పెట్టడమే మేలైంది. అమరావతిలో ఏపీ ప్రభుత్వ ఆర్టీజీఎస్ పర్యవేక్షణ కేంద్రం నుంచి మంత్రి లోకేశ్, అధికారులు చిక్కుకున్నవాళ్ళ లెక్క తీస్తున్నారని ఇంటివాళ్ళు చెప్పారు. ఢిల్లీలో ఏపీ భవన్, తెలంగాణ భవన్ కూడా నంబర్లు ఇచ్చాయి. ఇక్కడే చిక్కు వచ్చింది. మావాళ్ళు ఒక్కొక్కరూ తమకు తెలిసిన దారిన పేరు ఇచ్చారు. కొడుకు కలెక్టరేట్‌కి, అల్లుడు ఎమ్మెల్యే ఆఫీసుకి, తమ్ముడు ఎంబసీకి. ఒకే మనిషి మూడు జాబితాల్లో మూడు స్పెల్లింగులతో చేరారు, వంటవాళ్ళలో ఒకరు ఏ జాబితాలోనూ లేరు. అటు నుంచి ఫోన్ చేసి "మీరు ముప్పై మందా, నలభై మందా" అని అడిగారు.

సరిచేసిన తీరు ఇది. ఒకే కాగితం, ఒకే మనిషి నంబరు. వరసలు ఏడు: పేరు కార్డు మీద ఉన్నట్టే, వయసు, ఆడా మగా, ఏ కార్డు, దాని నంబరు, సొంత ఊరు జిల్లాతో సహా, ఇంటిదగ్గర ఒకరి ఫోను. ఎనిమిదోది మేం కలిపాం: నడవగలరా, చక్రాల కుర్చీ కావాలా. చేత్తో రాసి ఫొటో తీసి పంపితే అటువైపు మళ్ళీ టైపు చేసేటప్పుడు తప్పులు పడతాయి కాబట్టి, ఫోన్లోనే టైపు చేసి పంపాం. "మిగతా చోట్ల ఇచ్చిన పేర్లు కొట్టేయండి, ఇదే ఆఖరు జాబితా" అని తేదీ, టైము వేసి రాశాం. టైము విషయంలో కూడా ఒక మెలిక ఉంది. నేపాల్ గడియారం మనకన్నా పావుగంట ముందు. సగం ఫోన్లు ఒక టైము, సగం ఫోన్లు ఇంకొకటి చూపించేవి. "నేపాల్ టైము" అని విడిగా రాయకపోతే బస్సు దగ్గరికి పావుగంట ఆలస్యంగా వస్తారు.

ఇక కార్డుల సంగతి. సోనౌలీలో నడిచో బస్సులోనో దాటేటప్పుడు ఆధార్ చూసి వదిలేస్తారు, చాలాసార్లు అదీ అడగరు. విమానం ఎక్కడానికి అది చాలదు. నేపాల్, భారత్ మధ్య విమానంలో వెళ్ళాలంటే పాస్‌పోర్టు గానీ, ఎన్నికల సంఘం ఇచ్చిన ఓటరు కార్డు గానీ ఉండాలి. ఆధార్ వంటివి 15 ఏళ్ళలోపు, 65 ఏళ్ళు దాటినవాళ్ళకే చెల్లుతాయి. అంటే మా జట్టులో డెబ్బై ఏళ్ళ మామ్మగారికి ఇబ్బంది లేదు, ఆవిడకి తోడుగా వచ్చిన నలభై ఐదేళ్ళ కోడలికి ఇబ్బంది. ఆవిడ ఓటరు కార్డు ఇంటి బీరువాలో ఉంది. ఇలాంటివాళ్ళకి ఖాట్మండులోని మన ఎంబసీ ఒక గుర్తింపు పత్రం ఇవ్వగలదు, అది తిరుగు ప్రయాణం ఒక్కదానికే పనికొస్తుంది. ఇంటినుంచి ఓటరు కార్డు రెండువైపులా ఫొటో తెప్పించి, ఆధార్ ఫొటోతో కలిపి ముందే ఎంబసీవాళ్ళకి పంపాం. అసలు కార్డుకి ఆ ఫొటో సమానం కాదు కానీ, పత్రం రాసేవాళ్ళ పని తేలికవుతుంది. కర్ఫ్యూలో ఎంబసీకి వెళ్ళలేం. విమానాశ్రయంలో ఎంబసీ మనుషులు ఉన్నారు, ముందు పంపిన వివరాలు చూసుకుని అక్కడే తేల్చారు.

మన ఇంటిపేర్లు ఇంకో తలనొప్పి. ఆధార్‌లో ఇంటిపేరు ముందు, ఓటరు కార్డులో పొడి అక్షరం, పాస్‌పోర్టులో చివర. టికెట్ మీద ఏది వేయాలంటే, ఎయిర్‌పోర్టులో చూపించబోయే కార్డు మీద ఉన్నదే. జాబితాలో "ఏ కార్డు" అన్న వరస పెట్టడం అందుకే.

ఆ సాయంత్రం విమానాశ్రయం తిరిగి తెరిచారు. ప్రత్యేక విమానం ఖాట్మండు నుంచి విశాఖకి, అక్కణ్ణించి తిరుపతికి అని రాత్రి కబురు వచ్చింది. ఒక్కసారిగా ఏడుపులు, నవ్వులు. వెంటనే ఇంకో దిగులు, అందరికీ చోటుంటుందా అని. ముందు ఎవరిని పంపాలో ఆ రాత్రే వరస రాసుకున్నాం: ఇన్సులిన్ వాళ్ళు, ఒంటరిగా వచ్చిన ఆడవాళ్ళు, డెబ్బై దాటినవాళ్ళు వాళ్ళ తోడుతో సహా. తోడుని విడదీయకూడదు, అది గట్టిగా పట్టుకోండి. ఆఖరికి అందరికీ చోటు దొరికింది. మిగతాచోట్ల దారులు వేరు: హెటౌడాలో ఉన్నవాళ్ళు బస్సులో బీహార్ వైపు దాటారు, మానససరోవర యాత్రకి వెళ్ళి సిమికోట్‌లో ఆగినవాళ్ళు చిన్న విమానంలో నేపాల్‌గంజ్‌కి దిగి లక్నో వైపు వచ్చారు. మొత్తం రెండు వందల మందికి పైగా ఏపీవాళ్ళు ఇలా బయటపడ్డారు.

11వ తేదీ. గౌశాల నుంచి విమానాశ్రయం దగ్గరే, మామూలుగా అయితే పది నిమిషాలు. కర్ఫ్యూలో కూడా టికెట్, గుర్తింపు కార్డు చూపిస్తే విమానాశ్రయానికి వదులుతారు. ప్రయాణికుల జాబితా ప్రింటు వ్యాన్‌లో ముందు సీట్లో కూర్చున్న మనిషి చేతిలో ఉండాలి. సైనికుడు ఆపినప్పుడు అందరూ ఫోన్లు తీసి వెతుక్కుంటూ కూర్చుంటే వెనక వరస పెరుగుతుంది. మాట్లాడేది ఒక్కరే. వీడియో తీయొద్దని ముందే గట్టిగా చెప్పాం. దారిపొడుగునా కాలిన బండ్లు, టైర్ల కంపు. ఎవరూ మాట్లాడలేదు.

లోపల జనం విపరీతం. ముందు రెండు రోజుల విమానాలు ఆగిపోయినవాళ్ళందరూ అక్కడే. తిండి దుకాణాల్లో ఏమీ మిగల్లేదు. పొద్దున్నే వంటవాళ్ళు చేసిచ్చిన పులిహోర పొట్లాలే అందరి ఆకలీ తీర్చాయి. స్కానింగు దగ్గర యాత్రికుల సంచులన్నీ విప్పించారు. కర్పూరం, అగ్గిపెట్టెలు, ఎండు కొబ్బరి తీసేయమన్నారు. ముక్తినాథ్ ధారల నీళ్ళ సీసాలు చేతిసంచిలో ఉన్నవి పోయాయి, పెద్ద సంచిలో గట్టిగా మూత బిగించి పెట్టినవి మిగిలాయి. సాలగ్రామాలకి ఏం అనలేదు కానీ, స్కానర్‌లో నల్లటి ముద్దలా కనిపిస్తాయి కాబట్టి విప్పి చూపించాల్సి వచ్చింది. సంచిలో పైనే ఉంచుకోండి.

సాయంత్రానికి విశాఖలో దిగాం. మా దగ్గర విమానం డబ్బు తీసుకోలేదు. ఊళ్ళకి చేరడానికి వాహనాలు కూడా పెట్టారు.

మా డ్రైవరు, క్లీనరు, ఒక వంటమనిషి మాత్రం ఖాట్మండులోనే ఆగారు. వాళ్ళది ఉత్తరప్రదేశ్, బస్సు వదిలి రాలేరు. వాళ్ళ పేర్లు ఎంబసీ జాబితాలో ఇచ్చి, చేతిలో నేపాలీ డబ్బు, మిగిలిన బియ్యం పప్పు పెట్టి వచ్చాం. ట్రావెల్స్‌వాళ్ళైనా యాత్రికులైనా ఈ పని మర్చిపోకండి. మన బండి నేపాల్లోకి తీసుకెళ్ళేటప్పుడు భన్సార్ (నేపాల్ కస్టమ్స్ రుసుము) కట్టిన చీటీ మీద ఎన్నాళ్ళకి అనుమతో రాసి ఉంటుంది. గడువు దాటితే అదనంగా కట్టాలి. దారులు తెరుచుకున్నాక వాళ్ళు సోనౌలీ దాటారు, గడువు మీద పడిన రోజులకి కట్టిన డబ్బు మేం అందరం పంచుకున్నాం. ఆ బస్సులోనే మా పెద్ద సామాను గోరఖ్‌పూర్ చేరి, అక్కణ్ణించి పార్సిల్‌లో విశాఖ వచ్చింది.

ఖర్చులో ఎక్కువ పోయింది తిరుగు రైలు టికెట్ల మీద. అప్పటి నిబంధన ప్రకారం బయలుదేరడానికి 48 గంటల ముందు రద్దు చేస్తే క్లాసును బట్టి నిర్ణీత రుసుమే పోయేది. 48 నుంచి 12 గంటల లోపు 25 శాతం, 12 నుంచి 4 గంటల లోపు సగం. 9వ తేదీ రాత్రే రద్దు చేసినవాళ్ళకి చాలావరకు తిరిగొచ్చింది, "చూద్దాం" అని ఆగినవాళ్ళకి రాలేదు. ప్రయాణ బీమా ఉన్నవాళ్ళు అదనపు రోజుల బస బిల్లు ముద్రతో, కర్ఫ్యూ ప్రకటన కాపీతో, మన విదేశాంగ శాఖ ఇచ్చిన హెచ్చరిక తేదీతో క్లెయిం పెట్టుకున్నారు. అల్లర్లకి వర్తిస్తుందా లేదా అన్నది పాలసీ కాగితంలోనే చూసుకోవాలి.

నేపాల్లో ఆ తర్వాతి ఎన్నికలకి 2026 మార్చి 5 తేదీ ప్రకటించారు. పోలింగు రోజు అక్కడ వాహనాలు తిరగనివ్వరు, ముందునుంచే సరిహద్దు దారులు మూసేస్తారు.  ఎన్నికల దగ్గర్లో పశుపతినాథ్‌కి వెళ్ళేవాళ్ళు ముక్తినాథ్ కూడా కలుపుకుని పోలింగుకి కొన్ని రోజుల ముందే సోనౌలీ ఇవతలికి వచ్చేలా తేదీలు వేసుకోండి. బస్సులోనే వెళ్ళినా సరే, ఓటరు కార్డు అసలుది వెంట తీసుకెళ్ళండి.